నవ్వే బొమ్మ ఎందుకు తీసేసిన

పోస్టు జరంత పెద్దగుంటది, తీరిక ఉన్నప్పుడే చదవండి.

పోయిన ఆదివారం మన గ్రూపుల ఒకన్న వీడియో పెట్టిండు. రెండు బైకులు పోటీ పడి వస్తయి, బస్టాపు కాడ నిలబడ్డ ఆడపిల్లల ముందట ఒకడు బ్రేకు కొట్టబోయి కాలువల పడ్తడు. కింద నూటికి పైన నవ్వే బొమ్మలున్నయి. నేను గూడ ఒకటి పెట్టిన. పది నిమిషాలకు తీసేసిన. "ఎందుకు తీసినవ్ చెల్లె, కోపమొచ్చిందా" అని ఆ అన్న విడిగా మెసేజ్ చేసిండు. కోపం గాదన్నా. ఒక్క లైన్ల చెప్పే ముచ్చట గాదు, అందుకే ఇక్కడ రాస్తున్న. ముందు ఒక సినిమా సంగతి చెప్పాలె.

మా డిగ్రీ కాలేజీల ఇంగ్లిష్ సార్ ఒక శనివారం ప్రొజెక్టర్ పెట్టి పాత మూకీ సినిమా చూపిస్త అన్నడు. నిజం చెప్త, ఇంగ్లిష్ సినిమా అంటే నాకు భయం. మా ఇంట్ల కాలేజీ గడప తొక్కింది నేనే మొదలు. ఇంటర్ దాకా తెలుగు మీడియం. అంతకు ముందు తండాల గోర్ బోలి తప్ప వేరే మాట లేదు. ఇంగ్లిష్ సినిమాల కింద వచ్చే అక్షరాలు సగం చదివేసరికే మారిపోతయి. ఎప్పుడు నవ్వాల్నో తెల్వక పక్కోళ్ల మొఖాలు చూసి నవ్వేటోళ్లం, నేను, ఇంకో ముగ్గురం, వెనక బెంచీల. ఆ రోజు గూడ అట్లనే పోయి కూసున్న.

కానీ అండ్ల మాటలే లేవు. నడుమ నడుమ ఒక అట్ట మీద రెండు ముక్కల ఇంగ్లిష్ వస్తది, అది చదవకున్నా కథ ఆగదు. మొదటిసారి ఎవరి మొఖం చూడకుండా నేనే నవ్విన. ముందు బెంచీల కాన్వెంట్ పిల్లలు, వెనక బెంచీల మేము, ఒక్కసారే నవ్వినం. నాకు అదే పెద్ద ముచ్చట అనిపించింది.

సినిమా పేరు 'మేబెల్ ఎట్ ది వీల్'. స్టీరింగు కాడ మేబెల్ అన్నట్టు. అమెరికాల కీస్టోన్ అనే కంపెనీ తీసింది, 1914 ఏప్రిల్‌ల వచ్చింది. రెండు రీళ్లు, అరగంట గూడ ఉండదు. కథ మనకు తెలిసిందే. ఒక అమ్మాయి, ఇద్దరు మగోళ్లు. ఒకనికి రేసు కారున్నది, ఇంకొకనికి మోటార్ సైకిల్. ఆ మోటార్ సైకిల్ ఆయన ఎవరో గాదు, చార్లీ చాప్లిన్. మనకు తెలిసిన చిన్న మీసం, డొల్ల ప్యాంటు చాప్లిన్ గాదు. పొడుగు టోపీ, పొడుగు కోటు, గడ్డం పెట్టుకున్న విలన్. కారాయనతోని లొల్లి పెట్టుకున్న మేబెల్ పోయి చాప్లిన్ బండెక్కుతది. బురద గుంట కాడ బండి ఎగిరి ఆమె వెనక నుంచి కింద పడ్తది. ఆయనకు సోయే లేదు, బండి నడుపుకుంట పోతనే ఉంటడు. మా క్లాసు మొత్తం బల్లలు కొట్టి నవ్వింది. బురదల కూసున్న ఆమె మొఖం చూసినంక గదా అసలు నవ్వు. ఇంత సేపు వీనెంట ఎందుకొచ్చిన్నో అన్నట్టు చూస్తది.

ఇగ మేబెల్ మళ్ల కారాయన దిక్కు పోతది. చాప్లిన్‌కు మండుతది. రేసు రోజు తన మనుషులతోని ఆ కారాయనను ఎత్తుకపోయి ఒక కొట్టంల కట్టేయిస్తడు. రేసు మొదలయ్యే టైముకు డ్రైవర్ లేడు. అప్పుడు మేబెల్ ఎక్కి స్టీరింగు పట్టుకుంటది. చాప్లిన్ రోడ్డు మీద నీళ్లు కొట్టిస్తడు కార్లు జారాలని, బాంబులు గూడ ఏస్తడు. ఆమె కారు తిరగబడ్తది, లేపి నిలబెడ్తరు, మళ్ల నడుపుతది, గెలుస్తది. అంతే సినిమా.

గొప్ప సినిమా అని నేను అనను. సగం సేపు గుద్దుకునుడు, రాళ్లు ఇసురుకునుడే. చాప్లిన్ విలన్ వేషం మనూరి యక్షగానంల రాక్షసుని లెక్కనే ఉంటది, మరీ ఎక్కువ చేసిండు. కానీ రేసు నిజమైంది. కాలిఫోర్నియాల శాంటా మోనికా అనే ఊళ్లె 1914 ఫిబ్రవరిల నిజంగ జరిగిన కార్ల రేసుల కాడికి కెమెరా తీస్కపోయి, అండ్ల జనాన్ని, కార్లను తీసి తమ కథల కలుపుకున్నరు. గ్యాలరీల అరిచేటోళ్లు సగం మంది యాక్టర్లు గాదు, రేసు చూడనీకి వచ్చిన మనుషులు.

ఇంకో సంగతి సార్ చెప్పిండు. ఈ సినిమాకు డైరెక్టర్లల్ల ఒకరు ఆ మేబెల్ నార్మండే. ఇంకొకరు కంపెనీ నడిపే మాక్ సెనెట్. అప్పటికి ఆమెకు 21 ఏండ్లు. నాకంటే ఒక్క ఏడాది పెద్ద! చాప్లిన్‌కు 24, సినిమాలకొచ్చి రెండు మూడు నెలలే. షూటింగుల ఇద్దరికీ లొల్లయింది. రోడ్డు మీద నీళ్లు కొట్టే సీనుకు చాప్లిన్ ఒక ఉపాయం చెప్పిండు. నేను తెల్వకుండ పైపు మీద కాలు పెడ్త, నీళ్లాగుతయి, ఎందుకాగినయని పైపుల కన్ను పెట్టి చూస్త, కాలు తీస్త, నీళ్లు మొఖాన కొడ్తయి అని. మేబెల్ టైం లేదు, చెప్పింది చెయ్యమన్నది. ఆయన నేను చెయ్య అని అలిగి రోడ్డు పక్కన కూసున్నడు. ఆ ఉపాయం గూడ కొత్తదేం గాదు, 1895లనే ఫ్రాన్సుల లూమియేర్ అన్నదమ్ములు తోటమాలి మీద అదే తీసిర్రు. కంపెనీ నడిపే సెనెట్ చాప్లిన్‌ను తీసేసేంత కోపానికొచ్చిండు. అంతల్నే న్యూయార్క్ నుంచి, చాప్లిన్ సినిమాలు బాగ ఆడుతున్నయి, ఇంకా పంపమని తంతి వచ్చింది. లొల్లి చల్లబడ్డది. తర్వాత చాప్లిన్ తన సినిమాలు తనే డైరెక్షన్ చేసుకున్నడు.

ఇదంత చాప్లిన్ 1964ల అచ్చేసిన తన ఆత్మకథల రాసుకున్నడు. మేబెల్‌కు డైరెక్షన్ వస్తదని తనకు నమ్మకం లేకుండె అని గూడ రాసిండు. మేబెల్ దిక్కు కథ ఎట్లుండెనో చదువుదామంటే ఆమె ఆత్మకథ రాయలేదు. 1930ల టీబీతోని చచ్చిపోయింది, 37 ఏండ్లకు. టీబీ అంటే మన తండాలకు చెప్పే పని లేదు. మా తాత గూడ దాంతోనే పోయిండు.

ఇంకో చిన్న సినిమా గూడ చూపించిండు సార్, అదే ఏడాది ఫిబ్రవరిల వచ్చింది, ఏడు నిమిషాలుంటదేమో. 'కిడ్ ఆటో రేసెస్ ఎట్ వెనిస్'. చిన్న పిల్లల బండ్ల పోటీ జరుగుతుంటది, కెమెరా ఆయన పోటీ తియ్యాలని చూస్తడు, ఒకడు మాటిమాటికి కెమెరా ముందటికొచ్చి నిలబడ్తడు. తోసేస్తే మళ్ల వస్తడు. వాడే చిన్న మీసం చాప్లిన్. ఆ వేషాన్ని లోకం తెర మీద చూసింది ఆ సినిమాలనే మొదలు. మా వెనక బెంచి పిల్ల ఒకతి అన్నది, "అరె, వీడు రీల్స్ చేసేటోడే గదా" అని. మన గ్రూపుల ఎంత మందన్నలున్నరో ఇట్ల, పేర్లు చెప్పను.

మన దిక్కు గూడ మూకీలు తీసిర్రు. 1920లల్ల హైదరాబాద్‌ల లోటస్ ఫిల్మ్ కంపెనీ ఉండె. ధీరేన్ గంగూలీ అని బెంగాలాయన పెట్టిండు, అంతకు ముందు బొమ్మలు నేర్పే సారు. ఆయనకు కామెడీ అంటే పిచ్చి. కానీ 1924ల 'రజియా బేగం' అనే వేరే వాళ్ల సినిమా తన హాల్ల ఆడించిండు. అది మతాలు వేరైన ప్రేమ కథ. నిజాముకు కోపమొచ్చి రాజ్యం విడిచి పొమ్మన్నడు. కంపెనీ మూతపడ్డది. తెర మీద ఒక ఆడమనిషి ఎవరినో ఇష్టపడ్డదని తెర బయట ఒక కంపెనీ పోయింది. ఇది విన్నప్పుడు క్లాసుల అందరు నవ్విర్రు. నాకు నవ్వు రాలేదు. నాకు నా రూమ్మేటు యాదికొచ్చింది.

ఇప్పుడు అసలు ముచ్చట.

మా హాస్టల్ ధర్మసాగర్‌ల ఉంటది. రోజూ పొద్దున బస్సెక్కి హన్మకొండ కాలేజీకి పోతం. ఫ్రీ బస్సు పుణ్యాన టికెట్ బాధ లేదు, కానీ ఆ బస్సుల కాలు పెట్టే జాగ దొరకదు, దొరకని రోజు షేర్ ఆటో. ఆదివారం పొద్దుగూకే టైముకు చెరువు కట్ట దిక్కు పోయొచ్చుడు మా అలవాటు. ధర్మసాగర్ చూసినోళ్లకు ఎరుకే, దేవాదుల నీళ్లు వచ్చి పడే చెరువు అది, వానాకాలంల నిండుగుంటది. నా రూమ్మేటు మా తండాకు మూడు తండాల అవుతలి పిల్ల. నేను బీఏ, తను బీకాం. లెక్కలు కాయిదం ముట్టకుండ నోటితోని చేసేది. హాస్టల్ల మెస్ లెక్కలల్ల తప్పు పట్టింది గూడ తనే ఒకసారి.

తన వెనక ఇద్దరు తిరిగేటోళ్లు. పేర్లు వద్దు, మేం హాస్టల్ల పిలిచినట్టే పిలుస్త. ఒకరు పల్సరన్న, ఒకరు ఆటోఅన్న. ఆటోఅన్న మమ్మల్ని కాలేజీ కాడ దింపి అందరి కాడ పైసలు తీస్కునేటోడు, తన కాడ మాత్రం "నీకెందుకు, ఉండనియ్" అనేటోడు. తను పైసలు సీటు మీద పెట్టి దిగిపోయేది. పల్సరన్న బండి వెనక మడ్‌గార్డు మీద తన పేరు మొదటి అక్షరం ఎర్ర స్టిక్కర్ ఏయించుకున్నడు. ఒక్క అక్షరమే. ఊరికి అది చాలు. తను ఆ ఇద్దరితోని మాట్లాడింది నేనెన్నడు చూడలేదు. ఆటో ఆయనతోని "ఆపు, ఇక్కడ దిగుత" అన్నదే.

పోయినేడు ఆగస్టు. నాట్లు పడుతున్నయి, ట్రాక్టర్లు కేజ్ వీల్స్‌తోని పొలాల నుంచి రోడ్డెక్కి తారు మొత్తం బురద చేసినయి. ఆదివారం మేం అయిదుగురం కట్ట దిక్కు నుంచి వస్తున్నం, చేతులల్ల మిర్చి బజ్జీలు. వెనక నుంచి ఆటోఅన్న, పెద్ద స్పీకర్ల పాట పెట్టుకొని. దాని వెనక పల్సరన్న. మమ్మల్ని చూడంగనే ఆటో నెమ్మదిచ్చిండు. పల్సరన్న దాన్ని దాటి, మా ముందట ముందరి టైరు పైకి లేపిండు. లేపి దించేసరికి కింద బురద. ఆయన ఒక దిక్కు, బండి ఒక దిక్కు. బండి ఆయన లేకుండనే కొంచెం దూరం పోయి పొలంల పన్నది. ఆయన బురదల కూసున్నడు, కండ్లకు చల్లద్దాలు అట్లనే ఉన్నయి. ఆటోఅన్న వెనకకు తిరిగి చూసి నవ్వుకుంట నవ్వుకుంట ముందటి టైరును కాలువల దింపిండు. స్పీకరు ఊడి కిందపడి గూడ పాడుతనే ఉన్నది. ఇద్దరు లేచి చెప్పులు చేతవట్టి కొట్టుకునుడు మొదలు పెట్టిర్రు. మేకలు కాసే అవ్వ ఒకామె "మీ పెండ్లిగాను, నా మేకపిల్లను తొక్కుతర్రా" అని ఇద్దరిని కట్టెతోని తరిమింది.

కీస్టోనోళ్లు గూడ ఇంత బాగ తియ్యకపోదురు. నేను తీసిన. నా ఫోన్ల, నలభై సెకన్లు.

వీడియోల ఆఖరి మూడు సెకన్లు ఫోను మా దిక్కు తిప్పిన. అండ్ల నా రూమ్మేటు చున్నీ నోటికడ్డం పెట్టుకొని నవ్వుతుంటది. అందరం నవ్వినం, కానీ ఫోను తన దిక్కే ఉన్నది అప్పుడు. రాత్రి దాన్ని స్టేటస్ పెట్టిన, పైన నాలుగు నవ్వే బొమ్మలతోని. తెల్లారి చూసుకుంటే 61 మంది చూసిర్రు. ఎందుకో భయమై తీసేసిన. కానీ అప్పటికే ఎవరో దించుకున్నరు.

బుధవారం నాటికి వాళ్ల తండాల ఉన్నది వీడియో. బేస్తవారం వాళ్ల బాపు వచ్చిండు. మనిషి గట్టిగ గూడ మాట్లాడలేదు. హాస్టల్ ఆఫీసు కాడ నిలబడి ఫోను తీసి ఆ మూడు సెకన్లే చూపించిండు. "నా బిడ్డ నవ్వింది గదా మేడం. నవ్విందంటే ఇష్టమున్నట్టే గదా, అందరు అదే అంటున్నరు." మేడం కాదనలేదు. "నాకెందుకు రిస్కు, కొన్ని రోజులు తీస్కపో" అన్నది. గంటల పెట్టె సర్దుడైంది. నేను పెట్టె ఒక దిక్కు పట్టుకొని బస్సు దాకా పోయిన. వీడియో తీసింది నేనే అని వాళ్ల బాపుకు చెప్పాలె అప్పుడు. చెప్పలే. నన్ను గూడ తీస్కపోతరని భయమైంది. ఇది ఇప్పటిదాకా ఎవరికీ చెప్పలేదు, ఇక్కడే రాస్తున్న.

కొన్ని రోజులు అన్నది ఏడాది దాటింది. ఆటోఅన్న ఇప్పటికీ అదే రూట్ల ఆటో నడుపుతడు. పల్సరన్న బండికి కొత్త హెడ్‌లైటు వచ్చింది. స్టిక్కర్ పీకేసిండు. ఇద్దరు ఇప్పుడు దోస్తులు, హోటల్ కాడ ఒక్క చాయ్‌ని వన్ బై టూ తాగుతరు. ఆ రోజు చెప్పులతోని కొట్టుకున్న ముచ్చట వాళ్లే చెప్పుకొని నవ్వుతరు. వాళ్లు చెడ్డోళ్లని గాదు నేననేది. పడ్డది వాళ్లే, దెబ్బలు తగిలింది వాళ్లకే, అది నిజం. కానీ లేచి దులుపుకున్నరు.

ఈ ఏడు తీజ్‌కు వాళ్ల తండాకు పోయిన. మన తీజ్ గురించి మీకు చెప్పేదేమున్నది, కోయ, గోండు దోస్తులకోసం చెప్త. పెండ్లిగాని ఆడపిల్లలు బుట్టలల్ల గోధుమలు నాటి తొమ్మిది రోజులు నీళ్లు పోస్తరు. అండ్లనే ఒక ఆట ఉంటది. ఆడపిల్లలు రేగు ముండ్లకు నానిన శెనగలు గుచ్చుతుంటే మగపిల్లలు ఆ కొమ్మను ఊపి ఆటపట్టిస్తరు. ముల్లు గుచ్చుకుంటే అందరు నవ్వుతరు, పిల్లలు గూడ నవ్వుతరు. తండా నడుమ, నాయక్ ముందట, తల్లిదండ్రుల ముందట నవ్వుతరు. అక్కడ నవ్వితే ఎవరూ ఏమీ అనరు. అదే నవ్వు రోడ్డు మీద, ఫోన్ల పడితే వేరే అయితది. ఎందుకట్ల అని నాకు ఇప్పటికీ సమజ్ గాదు.

రాత్రి బుట్టల కాడ కూసొని నా ఫోన్ల తనకు మేబెల్ సినిమా చూపించిన. సౌండు అక్కర లేదు గదా, పక్కల వాళ్ల యాడి పండుకున్నది. బురద గుంట కాడ తను నోటికడ్డం చెయ్యి పెట్టుకొని నవ్వింది, అదే తీరు. అప్పుడు చెప్పిన, వీడియో నాదే అని. తను ఫోన్ల నుంచి తల తియ్యకుండనే అన్నది, "ఎరుకే. నీ స్టేటస్ ముందు చూసింది నేనే. నాకు గూడ నవ్వొచ్చింది." కొంచెం సేపైనంక అడిగింది, "గెలిచినంక ఆమెకు ఏమైంది?" సినిమా అక్కడికే అయిపోతది అన్న. "మల్ల ఇంటికి రానిచ్చిర్రా?" అన్నది. నాకు ఏం చెప్పాల్నో తెల్వలే.

సరిత అక్క గురించి చెప్పిన అప్పుడు. మీకు తెలిసే ఉంటది, సంస్థాన్ నారాయణపురం మండలం తండా బిడ్డ, మన లంబాడా ఆమె. 2015ల ఢిల్లీ ఆర్టీసీల మొదటి మహిళా బస్సు డ్రైవర్ అయింది. 2025 జూన్ల మన తెలంగాణ ఆర్టీసీల గూడ మొదటి మహిళా డ్రైవర్‌గ చేరింది. 1914ల మేబెల్ తిప్పిన స్టీరింగు ఉత్త సినిమా, రెండు రీళ్లకు అయిపోయింది. ఈ అక్క ఢిల్లీ రోడ్ల మీద పదేండ్లు తిప్పింది. తను విని, "అయితే నేను గూడ డ్రైవర్‌నే" అని నవ్వింది. ఎట్ల అంటే, తెల్లారి తెలిసింది.

పత్తి చేనుకు మందు డబ్బాలు, ఎరువు బస్తా, పాల క్యాన్లు, అన్నీ ఇప్పుడు తనే టీవీఎస్ ఎక్సెల్ మీద తెస్తది. వాళ్ల బాపుకు మోకాళ్ల నొప్పులు, తమ్ముడు చిన్నోడు. బండ్ల పేరు చెప్పి చదువు మాన్పించిన బాపే తన చేతికి బండి తాళం ఇచ్చిండు. నన్ను బస్టాపు దాకా దింపింది గూడ తనే. ముందట ఎరువు బస్తా, వెనక నేను. బురద కాడ నెమ్మదిచ్చి కాళ్లు కిందికి ఆనిచ్చి దాటించింది. నేను పడలే.

పొయ్యేముందు వాళ్ల బాపుతోని మాట్లాడిన. వీడియో తీసింది నేనే అని చెప్పిన. ఆయన చానసేపు ఏం అనలేదు. తర్వాత, "మల్ల చేర్చుకుంటరా కాలేజోళ్లు? ఏడాది పోయింది గదా" అని అడిగిండు. అడిగిండంటేనే నాకు ఏడుపొచ్చింది. వద్దు అనలేదు గదా.

అందుకే ఈ పోస్టు. రెండు పనులున్నయి మీతోని. ఆ నలభై సెకన్ల వీడియో ఇంకా తిరుగుతున్నదట, మహబూబాబాద్ దిక్కు గ్రూపులల్ల గూడ చూసినమన్నరు. ఎవరి ఫోన్ల ఉన్నా తీసెయ్యండి, కనపడితే పంపినోళ్లకు చెప్పండి. రెండోది, మూడో సెమిస్టర్ల మానేసినోళ్లు రీ-అడ్మిషన్ ఎట్ల తీస్కోవాలె, స్కాలర్‌షిప్ మళ్ల వస్తదా, హాస్టల్ సీటు మళ్ల ఇస్తరా. ఇట్ల ఆగి మళ్ల చేరినోళ్లు గ్రూపుల ఉంటే కింద రాయండి, లేకుంటే నాకు విడిగా పంపండి. తెలుగుల రాస్తే ఇంకా మంచిది. వాళ్ల బాపుకు చదివి వినిపించాలె.